పద్దెనిమిదివందల నలభై రెండో పేరు

ఆఫీసులో అందరూ ఆవిడని చీటీలమ్మ అనేవారు. అసలు పేరు హాజరు పట్టీలో ఉండేది, అక్కడే ఉండిపోయింది. పేర్ల మీద బతికిన మనిషిని ఆ పేరుతో పిలిచినవాడు ఒక్కడూ లేడు. ముప్పై నాలుగేళ్ళుగా ఆవిడ పని ఒకటే. ఆ చిన్న ప్రచురణ సంస్థ పిల్లలకి పెట్టుకునే పేర్ల పుస్తకం వేస్తుంది. అందులో ఏ పేరుకి ఏ అర్థం రాశారో, అది నిజమో కాదో, ఆ పేరు ఎక్కణ్ణుంచి వచ్చిందో చూసి సరే అనాలి, లేదా కాదు అనాలి. సరే అన్నవాటికంటే కాదు అన్నవే ఎక్కువ. అందుకే ఆవిడంటే అందరికీ కాస్త భయం, కాస్త విసుగు.

ఇదీ ఒక పనేనా అని మీరనుకోవచ్చు. అనుకున్నవాళ్ళు చాలామందే ఉన్నారు. ఆవిడ ఆడపడుచు మొహం మీదే అడిగింది.

"పేరుకి అర్థం ఏమిటి వదినా, పిలిస్తే పలికితే చాలదూ?"

"మీ కుక్కకి చాలుతుందిలే ఆ లెక్క" అంది చీటీలమ్మ. ఆడపడుచు రెండేళ్ళపాటు వాళ్ళ గడప తొక్కలేదు. ఆవిడకి ముక్కు మీద కోపం అని లోకం అంటుంది కానీ, నన్నడిగితే ఆ కోపం అర్థాల మీద కాదు, అడ్డగోలుతనం మీద.

ఆవిడ గది రెండో అంతస్తులో వెనకవైపు ఉండేది. కిటికీ తీస్తే పక్క బిల్డింగు మెట్లు, ఎక్కేవాళ్ళ కాళ్ళు తప్ప తలలు కనపడవు. గోడ పొడుగునా నలభై ఎనిమిది చెక్క సొరుగులు. వాటి నిండా పోస్టుకార్డంత చీటీలు. ఒక్కో పేరుకి ఒక్కో చీటీ. పేరు, అర్థం, ఎక్కడిది, ఎక్కడ చూశాను, ఎవరు చెప్పారు, ఏ తారీఖు. పైన కుడివైపు మూలన నెంబరు, పుస్తకంలోనూ పేరు పక్కన అదే నెంబరు. పేర్లని పేర్లతో మాట్లాడుకుంటే ఆఫీసులో గందరగోళం అయిపోయేది, టైపు చేసే అమ్మాయి పేరూ, మెట్లు తుడిచే ఆవిడ పేరూ కూడా ఆ సొరుగుల్లో ఉండేవి మరి. అందుకని అందరూ నెంబర్లే వాడేవాళ్ళు. నాలుగువందల పన్నెండు సంగతి తేలిందా, మూడువేల ఆరు అర్థం మార్చారా అని. కొత్తగా వచ్చినవాళ్ళు వింటే జైలు కాబోలు అనుకునేవారు.

చీటీ మీద ఆకుపచ్చ టిక్కు పడాలంటే ఆ పేరు, ఆ అర్థం రెండు పాత ఆధారాల్లో దొరకాలి. రెండూ వేర్వేరువి అయ్యుండాలి. ఒకడిది చూసి ఇంకొకడు రాసుకుంటే అది రెండు కాదు, ఒకటే అనేది ఆవిడ లెక్క. నీలం టిక్కు అంటే అనుమానం. నీలం చీటీ అచ్చుకి వెళ్ళదు. ఈ ఒక్క నియమం కోసం ఆవిడ కళ్ళలో వత్తులు వేసుకుని పాత రికార్డులు తిరగేసింది, దుమ్ము పీల్చి దగ్గు తెచ్చుకుంది.

పుస్తకం కొన్నవాళ్ళు ఫోన్లు చేసేవాళ్ళు. మెచ్చుకోడానికి ఎవరు చేస్తారు, దెబ్బలాడటానికే.

"అందరూ మహారాణి అని అర్థం రాశారండీ, మీ పుస్తకంలోనే పొట్టిది అని ఉంది" అన్నాడు ఒకాయన ఉక్రోషంగా.

"పొట్టిదే నాయనా. పాత మాట అదే."

"మేం ఆల్రెడీ పెట్టేశామండీ."

"పెడితే మంచిదే. పిల్ల పొడుగ్గా ఎదిగిందంటే ఎవరూ అడగరు" అని ఫోను పెట్టేసింది.

అందరికీ వెన్నెలే కావాలి, వెలుగే కావాలి, విజయమే కావాలి. ఒకప్పటి మనుషులు పిల్లలకి పొట్టిదనీ, నల్లదనీ, ఆఖరిదనీ పేర్లు పెట్టుకుని ముద్దు చేశారంటే ఇప్పటివాళ్ళకి మింగుడుపడదు. ఆవిడకి మాత్రం అలాంటి పేర్లంటేనే ప్రాణం. ఎవరో ఒక మనిషిని చూసి పెట్టిన పేర్లు అవి.

ఇప్పుడు పద్దెనిమిదివందల నలభై రెండు దగ్గరికి వస్తాను. ఆవిడ ఉద్యోగంలో చేరిన మొదటి ఏడాది, డెబ్బై ఎనిమిదేళ్ళ వాళ్ళ అమ్మమ్మ మాటల్లో మాటగా ఒక పేరు చెప్పింది. అమ్మమ్మ చిన్నప్పుడు వాళ్ళింట్లో ఉన్న మేనత్త పేరట. అర్థం ఏమిటి అమ్మమ్మా అంటే, "ఇంట్లో అందరికంటే ముందు లేచేదే. ఇంకేముంది" అంది. ఏ పుస్తకంలో వెతికినా ఆ పేరు లేదు. ఏ రికార్డులోనూ లేదు. అమ్మమ్మ నోట్లో తప్ప ఎక్కడా లేదు. చీటీలమ్మ ముచ్చటపడి చీటీ రాసింది, నిజాయితీగా నీలం టిక్కు పెట్టింది, సొరుగులో వేసింది.

మరో రెండేళ్ళకి ఆవిడకి ఆడపిల్ల పుట్టింది. నెలలు నిండకుండా పుట్టింది. ఆసుపత్రిలో అద్దాల పెట్టెలో పెట్టారు. పెట్టెకి పక్కన చెయ్యి పట్టేంత గుండ్రటి కంత ఉండేది. మూడో రోజున చీటీలమ్మ ఆ కంత దగ్గర నోరు పెట్టి ఆ పేరు చెప్పింది పిల్లకి. ఏడువేల పేర్లు చూసిన మనిషి, ఆకుపచ్చ టిక్కున్నవి అన్నీ వదిలేసి నీలం చీటీలో పేరు ఏరుకుంది. మొగుడికి ఆదివారం చెబుదామనుకుంది, పిల్లని పెట్టెలోంచి తీసి చేతికిచ్చే రోజున. తొమ్మిదో రోజు శుక్రవారం పిల్ల పోయింది. ఆ తర్వాత ఆ మాట ఎత్తడానికి ఆవిడకి నోరు రాలేదు. మళ్ళీ పిల్లలు కలగలేదు.

మరుసటి ఏడాది, ఆ సంస్థ యజమాని పెద్దాయన ఒకరోజు ఆవిడ గదిలోకి వచ్చి తలుపు వేశాడు. పెద్దాయన తలుపు వేయడం అంతకుముందు ఎన్నడూ జరగలేదు.

"మన పుస్తకాన్ని పక్కవీధి వాడు దించేస్తున్నాడమ్మా. మొత్తానికి మొత్తం. అడిగితే నేనూ అవే పాత పుస్తకాలు చూశానంటాడు. వాణ్ణి పట్టుకోవాలి. నువ్వొక పన్నెండు పేర్లు పుట్టించు."

"పుట్టించడం ఏమిటండీ?"

"ఈ భూమ్మీద ఎవరికీ లేని పేర్లు. నోటికి ఇంపుగా ఉండాలి. అర్థం అంతకంటే ఇంపుగా ఉండాలి. వాడి పుస్తకంలో ఆ పన్నెండూ తేలాయనుకో, ఇక నీళ్ళు నమలడానికి కూడా ఉండదు వాడికి."

"అబద్ధాలు రాయమంటున్నారు."

"కంచె వేయమంటున్నాను."

"ఎవరైనా పిల్లకి పెట్టుకుంటేనో?"

"ఏడువేలల్లో ఆ పన్నెండే దొరుకుతాయా వాళ్ళకి? వాడు దొరికిన మర్నాడే తీసేద్దాం. మాటిస్తున్నాను."

చీటీలమ్మ అప్పుడు ఒప్పుకోకుండా ఉండాల్సింది. ఈ సంగతి ఆవిడే తర్వాత ముప్పై ఏళ్ళు తనకి తాను చెప్పుకుంది. కానీ ఒప్పుకుంది, ఊరికే కాదు. మనుషులు నోటితో చెప్పిన పేర్లు కూడా ఇకనుంచి పుస్తకంలో వేయాలి, పక్కన "విన్నది" అని రాసి వేయాలి అని అడిగింది. అదివరకు పెద్దాయన ససేమిరా అనేవాడు. ఆ రోజు ఒక్క క్షణం ఆలోచించి సరే అన్నాడు. పన్నెండు అబద్ధాలిచ్చి ఆవిడ ఒక్క నిజాన్ని అచ్చులోకి ఎక్కించుకుంది. ఆ ఒక్కదానికి తోడుగా తర్వాత ఆరువందల పేర్లు ఎక్కాయి, అది వేరే సంగతి.

పన్నెండు పేర్లూ ఒక్క మధ్యాహ్నంలో అయిపోయాయి. అంత తేలిగ్గా వచ్చేశాయని ఆవిడకే సిగ్గేసింది. వానకి ముందు వచ్చే చల్లగాలి అని ఒక అర్థం. నీళ్ళలో పడ్డ నక్షత్రం అని ఒకటి. నిద్రలో నవ్వేది అని ఇంకొకటి. పన్నెండింటికీ లేని ఆధారాలు రాసి, తన చేత్తోనే ఆకుపచ్చ టిక్కులు పెట్టింది. పెద్దాయన చదివి మురిసిపోయాడు. ఇంత విద్య నీ దగ్గరుందని ఇన్నాళ్ళూ తెలీదే అన్నాడు. మెచ్చుకోలు ఒంటికి పట్టలేదావిడకి.

రెండేళ్ళలో పక్కవీధి వాడు దొరికాడు. పన్నెండూ ఉన్నాయి వాడి పుస్తకంలో. క్షమాపణ చెప్పి దుకాణం మూసుకున్నాడు. ఇక తీసేద్దామండీ అని ఆవిడ అడిగింది. "ఒకడు పోతే ఇంకొకడు రాడని ఏముంది? ఉండనీ" అన్నాడు పెద్దాయన. ప్రతి ముద్రణకి ముందు ఆవిడ కాగితం రాసి ఇచ్చేది, ఆయన దాన్ని సొరుగులో పడేసేవాడు. ఇలా ఉండగా ఇంటర్నెట్ వచ్చింది. ఆ పన్నెండు పేర్లకీ కాళ్ళు వచ్చాయి. ఎవరెవరో ఎక్కించారు, వాళ్ళని చూసి ఇంకెవరెవరో ఎక్కించారు. విన్నవని రాసి ఉన్నవాటిని మాత్రం ఎవరూ ముట్టుకోలేదు. ఒకరోజు ఒకావిడ ఫోన్ చేసి, మీ పుస్తకంలో చూసి మా పాపకి ఈ పేరు పెట్టుకున్నామండీ, నీళ్ళలో పడ్డ నక్షత్రం, ఎంత బాగుందో అంది. చీటీలమ్మకి గుండెల్లో రాయి పడింది. "పాప ఆరోగ్యంగా ఉందామ్మా?" అని అడిగింది. ఉందండీ అంది ఆవిడ సంతోషంగా.

పోయిన ఏడాది పెద్దాయన పోయాడు. పన్నెండు పేర్ల రహస్యం చీటీలమ్మ ఒక్కదాని దగ్గరే మిగిలింది. కుర్చీలోకి ఆయన కొడుకు వచ్చాడు. నలభై ఏళ్ళవాడు, గొంతు పెంచి ఎరగడు, ఎదురైతే ముందు తనే నమస్కారం పెడతాడు. అతని మీద కోపం తెచ్చుకుందామన్నా సందు దొరకదు. అదొక బాధ.

ఆ చిన్నాయన ఒక సోమవారం అందర్నీ పిలిచి కొత్త పద్ధతి చెప్పాడు. కంప్యూటరు ప్రతి పేరునీ లోకమంతా వెతుకుతుంది. ఎన్ని చోట్ల కనపడిందో లెక్క పెడుతుంది. ఐదు చోట్ల కంటే తక్కువ కనపడితే ఆ పేరు పుస్తకంలోంచి తీసేయాలి. ఎక్కువ చోట్ల కనపడితే పక్కన "నిర్ధారితం" అని ముద్ర పడుతుంది. జనానికి నమ్మకం కావాలి మేడమ్ అన్నాడు. కాగితాలు చేతికిచ్చాడు. తీసేయాల్సినవి ఆరువందల పదకొండు. ఒక్కటీ మినహాయింపు లేకుండా అన్నీ "విన్నది" పేర్లే. తొమ్మిదో పేజీలో మధ్యలో ఎక్కడో పద్దెనిమిదివందల నలభై రెండు ఉంది. నిర్ధారితమైన వాటి పట్టీలో ఆవిడ పుట్టించిన పన్నెండూ ఉన్నాయి. వాటిలో ఒకటి మూడువేల చోట్ల కనపడిందట. ఆవిడకి నవ్వు కూడా వచ్చింది, నవ్వితే ఏడుపు ఆగదని ఆపుకుంది.

అందరూ వెళ్ళాక ఉండిపోయి అడిగింది. "ఇవి మనుషుల నోటి నుంచి విన్న పేర్లు బాబూ. వీటికి కంప్యూటర్లో ఏం దొరుకుతుంది?"

"ఆ చెప్పిన మనుషులు ఉన్నారా మేడమ్?"

"చాలామంది పోయారు."

"ఆ పేర్లు పెట్టుకున్నవాళ్ళో?"

"వాళ్ళూ పోయారు."

"మరి పుస్తకం చదివేది ఉన్నవాళ్ళు కదా" అన్నాడు మెల్లిగా. అని, ఆవిడ మొహం చూసి, "సరే, ఏదైనా పేరు మీకు ముఖ్యం అనిపిస్తే ఒక్క కాగితం ఆధారం తెండి, ఉంచేద్దాం. శుక్రవారం అచ్చుకి పంపుతున్నాను" అన్నాడు.

ఆరువందల పది పేర్ల కోసం ఆవిడ కాళ్ళు కదల్లేదు. ఆ ఒక్కదాని కోసం కదిలాయి. అది తప్పని తెలుసు. ఆ పేర్లు చెప్పిన ముసలివాళ్ళంతా ఆవిడని నమ్మి చెప్పినవాళ్ళే. అయినా మంగళవారం సెలవు పెట్టి, జనన మరణాల రికార్డు ఆఫీసుకి వెళ్ళి బల్ల ముందు వరుసలో నిలబడింది. తన కూతురు తొమ్మిది రోజులు ఈ లోకంలో ఉందని చెప్పే కాగితం ఎక్కడో ఒకచోట ఉండాలి కదా, ఆ కాగితం మీద పేరు ఉండకపోతుందా అని ఆశ.

గుమాస్తా మంచివాడే. విసుక్కోకుండా లోపలికి వెళ్ళి, చివర్లు నలిగిన పెద్ద పుస్తకం తెచ్చి, వేలు పెట్టి చూపించాడు. ఆడ శిశువు. వయసు తొమ్మిది రోజులు. పేరు అన్న గడిలో అడ్డంగా ఒక గీత.

"పేరు పెట్టకముందే పోతే గీత కొడతామండీ."

"పెట్టాను."

"రాయించలేదు కదమ్మా."

ఈ మాట ఆవిడ ముప్పై నాలుగేళ్ళుగా ఎంతమందికి చెప్పిందో లెక్క లేదు. మా తాతమ్మ పేరండీ, మా ఊళ్ళో ఉండేదండీ అని ఎవరొచ్చినా, రాసి ఉందా అనేది మొదటి ప్రశ్న. పుస్తకం మూసి ఇచ్చేసి మెట్లు దిగింది.

బుధవారం, గురువారం సగం అలాగే పోయాయి. గురువారం సాయంత్రం వంటింట్లో కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీస్తున్న మొగుడి ముందు కుర్చీ లాక్కుని కూర్చుంది. ఆయన తూనికలు కొలతల శాఖలో ఇన్‌స్పెక్టరుగా చేసి దిగిపోయినవాడు. ముప్పై ఏళ్ళు దుకాణాల్లో తూకపు రాళ్ళు పరీక్షించి సీలు వేశాడు. గ్రాము తేడా వచ్చినా సీలు వేయలేదని పేరు.

"ఏవండీ, మీరొక కాగితం రాసివ్వాలి."

"దేనికి?"

"మన పాప పేరు ఫలానా అని."

ఆయన చేతిలో చిక్కుడుకాయ అలాగే ఉండిపోయింది. ఆ ఇంట్లో పాప అన్న మాట వినపడి ముప్పై ఏళ్ళు దాటింది.

"పాపకి పేరెక్కడిది? పెట్టలేదుగా మనం" అన్నాడు.

"నేను పెట్టాను."

"ఎప్పుడు?"

"మూడో రోజు. మీకు ఆదివారం చెబుదామనుకున్నాను."

ఆయన చేతిలోని చిక్కుడుకాయని గిన్నెలో పెట్టాడు. తర్వాత అడిగాడు, "ఏం పేరు?"

ఎంత ప్రయత్నించినా చీటీలమ్మ గొంతులోంచి ఆ పేరు రాలేదు. వచ్చింది నెంబరు. "పద్దెనిమిదివందల నలభై రెండు" అంది. ఆయన లేచి, చేతులు కడుక్కుని, కళ్ళజోడు పెట్టుకుని, టీవీ కింద అరలోంచి పేర్ల పుస్తకం తీశాడు. ఏటేటా ఇంటికి ఒక కాపీ వచ్చేది, దుమ్ము దులపడానికి తప్ప ఆయన దాన్ని ముట్టుకునేవాడు కాదు. వేలితో నెంబర్లు వెతుక్కుంటూ వెళ్ళి ఆగాడు. చదివాడు. మళ్ళీ చదివాడు.

"అందరికంటే ముందు లేచేది" అన్నాడు. "బాగుంది."

"ఊఁ."

"ఇన్నేళ్ళూ ఈ పుస్తకం నా కళ్ళ ముందే ఉంది. ఒక్కసారి చెప్పలేకపోయావా?"

"మీరు అడగలేదు."

"పేరుందని తెలిస్తే కదా అడగడానికి." గొంతు పెంచలేదు. పెంచినా బాగుండేది ఆవిడకి. "నువ్వు ఒక్కదానివే ఏడ్చావు. నాకు పేరు లేకుండా ఏడవాల్సి వచ్చింది."

ఆయన కాగితం తెచ్చుకుని, గీతలు కొట్టి, మార్జిను వదిలి, ఆఫీసు అక్షరాలతో రాశాడు. రాసి చదివి వినిపించాడు. ఫలానా నెంబరు గల పేరు మా కుమార్తెది. ఈ విషయం నా భార్య నాకు ఈ రోజు సాయంత్రం చెప్పగా తెలిసినది.

"ఈ రోజు అని రాయకపోతే ఏం పోయింది?" అంది నీరసంగా. "ఈ కాగితానికి విలువేముంది ఇక?"

"ఈ రోజే కదా చెప్పావు" అన్నాడాయన. తప్పుడు రాయికి సీలు వేయని మనిషి, పెళ్ళాం కోసం మాత్రం ఎలా వేస్తాడు. ఆవిడ కాగితం మడిచి సంచీలో పెట్టుకుంది. ఆవిడైనా అదే రాసి ఉండేది.

శుక్రవారం పొద్దున్నే చీటీలమ్మ సొరుగుల్లోంచి పదమూడు చీటీలు తీసుకుని చిన్నాయన గదిలోకి వెళ్ళింది. మనసులో ఒక లెక్క వేసుకుంది. కంప్యూటరు లెక్క ఒట్టి డొల్ల అని రుజువు చేస్తే, ఆ లెక్కతో తీసేసిన పేర్లన్నీ వాటంతట అవే వెనక్కొస్తాయి. రుజువు ఆవిడ చేతిలోనే ఉంది. పరువు పోతుంది, పోతే పోనీ. ఉద్యోగం ఇంకెన్నాళ్ళుంది కనక.

పన్నెండు చీటీలు బల్ల మీద వరసగా పరిచింది.

"వీటికి మీ కంప్యూటరు నిర్ధారితం అని ముద్ర వేసింది బాబూ. వీటిని నేనే పుట్టించాను. ఈ గదికి వెనకాల గదిలో కూర్చుని, ఒక్క మధ్యాహ్నంలో."

జరిగిందంతా చెప్పింది. చిన్నాయన నోరు తెరుచుకుని విన్నాడు. మధ్యలో నవ్వాడు కూడా. "నాన్నగారు నాకు ఒక్క ముక్క చెప్పలేదు" అన్నాడు. ఆవిడకి ప్రాణం లేచొచ్చింది.

"అయితే లెక్క తప్పని ఒప్పుకుంటారా?"

"తప్పే మేడమ్. ఒకణ్ణి చూసి ఒకడు రాసుకున్నారు, నిజమే." చీటీలు ఒక్కొక్కటే చేత్తో పట్టుకుని చూశాడు. "కానీ వీటిని తీయలేం. ఎంతమంది పిల్లలకి ఉన్నాయో ఈ పేర్లు. ఇప్పుడు అబద్ధం అంటే ఆ తల్లిదండ్రులంతా వచ్చి మన గుమ్మం ముందు కూర్చుంటారు. అయినా పిలుస్తున్నారు, పిల్లలు పలుకుతున్నారు. ఇంకా అబద్ధం అని ఎలా అంటాం?"

"సరే, ఉంచుకోండి. మరి ఆరువందల పదకొండు?"

చిన్నాయన ఇబ్బందిగా కదిలాడు. మంచివాళ్ళు ఇబ్బంది పడేటప్పుడే మనకి చెడ్డరోజులు వస్తాయి.

"మేడమ్, ఏమీ అనుకోకండి. ఇదివరకు కంప్యూటరు లేదు, మీరే లెక్క. మీరు టిక్కు పెడితే నాన్నగారు కళ్ళు మూసుకుని అచ్చేసేవారు. ఇప్పుడు ఈ పన్నెండింటికీ దొంగ టిక్కు పెట్టానని మీరే అంటున్నారు. ఆ ఆరువందల పదకొండూ మీ చేతిరాతే, మీరు విన్నవే. వినలేదని నేననను. విన్నారని మాత్రం ఎలా అనను?"

చీటీలమ్మ బల్ల మీద చీటీల వంక చూసింది. అతను అన్నదాంట్లో తప్పు లేదు. అతని కుర్చీలో తను ఉంటే తనూ అదే అనేది, ఇంకాస్త కటువుగా అనేది. తన గోతిని తనే పన్నెండు గజాలు తవ్వుకుంది. అప్పుడు ఆవిడ ఎన్నడూ చేయని పని చేసింది. సంచీలోంచి మొగుడి కాగితం తీసింది, పదమూడో చీటీ దాని పక్కన పెట్టింది. "ఈ ఒక్కటి" అంది. "ఇది నా కూతురి పేరు. తొమ్మిది రోజులు బతికింది."

చిన్నాయన కాగితం చదివాడు. ఈ రోజు సాయంత్రం అన్న మాట దగ్గర అతని చూపు ఒక్క క్షణం ఆగడం ఆవిడకి కనపడింది. ఆధారంగా ఆ కాగితం ఎందుకూ కొరగాదని అతనికి తెలుసు. ఆవిడకీ తెలుసు.

"అయ్యో మేడమ్" అన్నాడు. నిజంగానే అన్నాడు. "ముందే చెప్పాల్సింది. ఒక్క పేరే కదా, ఉంచేద్దాం. ఎవరికి నష్టం."

పక్కనే ఉన్న కంప్యూటరులో తీయకూడని పేర్ల పట్టీ తెరిచాడు. ఇక ఎవరూ వాటి జోలికి రాకుండా ఆ పన్నెండు నెంబర్లూ ఎక్కించాడు. వాటి కిందే పదమూడోదిగా పద్దెనిమిదివందల నలభై రెండు ఎక్కించాడు. పక్కన కారణం రాయాల్సిన గడి ఉంది. పన్నెండింటికీ "వాడుకలో ఉంది" అని కొట్టాడు. పదమూడోదానికి ఆగి, ఆలోచించి, "సిబ్బంది కోరిక మీద" అని కొట్టాడు. ఆ పట్టీని అచ్చు తీసి, కింద సంతకం పెట్టమని ఆవిడ ముందు పెట్టాడు.

చీటీలమ్మ ఆ కాగితం వంక చూసింది. అమ్మమ్మ నోట్లో నిజంగా ఉన్న పేరు. అద్దాల పెట్టెలో ఉన్న పిల్ల విన్న పేరు. ఇప్పుడది పన్నెండు కట్టుకథల తోక పట్టుకుని, ఒకరి జాలి మీద నిలబడింది. చదివేవాళ్ళకి ఈ గడి కనపడదు, నిజమే. కానీ ఇలాంటి గడులు చూడటానికే కదా ఆవిడ ముప్పై నాలుగేళ్ళు బతికింది. బల్ల మీదున్న కలం తీసుకుని, పదమూడో వరస మీద ఈ చివర నుంచి ఆ చివరకి గీత కొట్టింది. కింద సంతకం పెట్టింది.

"అదేమిటి మేడమ్" అన్నాడు చిన్నాయన.

"ఆధారం లేదు బాబూ" అంది.

మధ్యాహ్నం మూడింటికి పుస్తకం అచ్చుకి వెళ్ళిపోయింది. చీటీలమ్మ ఆరింటికి ఇల్లు చేరింది. మొగుడు గుమ్మంలోనే ఉన్నాడు. ఎప్పుడూ అలా ఎదురు చూసే మనిషి కాదు.

"ఉంచారా?"

"లేదు."

"నా కాగితం వల్లేనా? ఆ ఒక్క మాట వల్లేనా?" అని అడిగాడు. ఆ ప్రశ్న రాత్రంతా, పగలంతా ఆయన్ని తిన్నట్టుంది, మొహం పీక్కుపోయింది.

అవునంటే తనకి కాస్త తేలికయ్యేది. ఆవిడ అబద్ధం ఆడలేదు.

"వాళ్ళు ఉంచుతామన్నారు. నేనే కొట్టేశాను" అంది. "అప్పుడు పాప పోయినప్పుడు డాక్టర్ని తిట్టుకున్నాను, నర్సుని తిట్టుకున్నాను. ఈసారి తిట్టుకోడానికి నేను తప్ప ఎవరూ లేరండీ."